దొరికిన ఫిల్ముతో చరిత్ర రచన: బిల్ మారిసన్ చిత్రాలు, ఒక పరిశీలన

1. ఉద్దేశాలు

ఈ పాఠం చదివిన తరువాత మీరు కింది పనులు చేయగలుగుతారు:

- ఇతరులు ఎప్పుడో తీసిన ఫిల్ముతో కొత్త చిత్రాన్ని కూర్చే పద్ధతిని వివరించడం
- నైట్రేట్ ఫిల్ము ఎందుకు శిథిలమవుతుందో, దానివల్ల సినిమా చరిత్రకు జరిగిన నష్టం ఎంతో చెప్పడం
- 'డికేజియా', 'డాసన్ సిటీ: ఫ్రోజెన్ టైమ్' చిత్రాలను పోల్చి విమర్శించడం
- ఏ పాత దృశ్యాన్ని చూసినా దానిని అడగవలసిన ప్రశ్నలు గుర్తించడం

2. ప్రవేశిక

సినిమా దర్శకుడు అనగానే కెమెరా పక్కన నిలబడి నటీనటులకు సూచనలిచ్చే వ్యక్తి మన మనసులో మెదులుతాడు. ఈ పాఠంలో మనం పరిశీలించబోయే దర్శకుడి పని అలాంటిది కాదు. ఆయన ప్రసిద్ధ చిత్రాలలో కనిపించే దృశ్యాలలో అధిక భాగం ఆయన పుట్టకముందే ఎవరెవరో తీసినవి. వాటిని తీసినవారిలో చాలామంది పేర్లు కూడా మనకు తెలియవు. ఆ ముక్కలను ఆర్కైవులలో వెతకడం, ఎంచడం, ఒక వరుసలో పేర్చడం, సంగీతానికి జతచేయడం ఆయన పని.

ఆయన పేరు బిల్ మారిసన్. 1965లో అమెరికాలోని షికాగోలో జన్మించారు. మొదట చిత్రలేఖనం చదువుకున్నారు. తరువాత న్యూయార్క్‌లోని రిడ్జ్ థియేటర్ అనే నాటక బృందంతో కలిసి, వేదిక మీద ప్రదర్శించడానికి చిన్న చిన్న ఫిల్ములు తయారుచేశారు. ఈ రెండు నేపథ్యాలను మీరు గుర్తుంచుకోండి. ఫిల్ము మీది మరకను రంగుల మచ్చను చూసినంత శ్రద్ధగా చూసే అలవాటు చిత్రలేఖనం నుంచి వచ్చింది. సంగీతంతో కలిసి నడిచే దృశ్యాన్ని ఊహించే అలవాటు నాటకరంగం నుంచి వచ్చింది.

ఈ పాఠంలో నేను ప్రతిపాదించే విషయం ఒకటే. పాత ఫిల్ము అందంగా ఉండడం వేరు, సాక్ష్యం చెప్పడం వేరు. అది సాక్ష్యం చెప్పాలంటే, ఎక్కడిది, ఎవరెవరి చేతుల మీదుగా మన దాకా వచ్చింది అన్న సంగతి ప్రేక్షకుడికి తెలియాలి. మారిసన్‌కు పేరు తెచ్చిన 'డికేజియా'లో అందం ఉంది. ఆ సంగతి లేదు. పద్నాలుగేళ్ల తరువాత వచ్చిన 'డాసన్ సిటీ'లో రెండూ ఉన్నాయి. విమర్శకులలో చాలామంది మొదటిదాన్నే ఎక్కువగా మెచ్చుకుంటారు. రెండవదే గొప్ప చిత్రమని నా అభిప్రాయం. ఎందుకో ముందు ముందు వివరిస్తాను. మీరు దానితో ఏకీభవించనవసరం లేదు. కానీ ఏకీభవించకపోతే కారణం చెప్పగలగాలి.

3. ఈ పద్ధతికి పూర్వరంగం

ఉన్న ఫిల్ముతో కొత్త చిత్రం చేయడం మారిసన్‌తో మొదలు కాలేదు. మూడు ఉదాహరణలు చూద్దాం.

సోవియట్ దర్శకురాలు ఎస్ఫిర్ షుబ్ 1927లో 'రోమనోవ్ వంశ పతనం' అనే చిత్రం కూర్చారు. అందులో ఉన్నవి విప్లవానికి ముందు తీసిన వార్తా దృశ్యాలు, జార్ చక్రవర్తి కుటుంబం తమ ముచ్చట కొద్దీ తీయించుకున్న దృశ్యాలు. రాజవైభవాన్ని చూపడానికి తీసిన ఆ దృశ్యాల పక్కనే ఆమె కష్టజీవుల దృశ్యాలను పేర్చారు. అంతే, వైభవం కాస్తా నేరారోపణగా మారింది. ఒక్క కొత్త దృశ్యం తీయకుండానే, కేవలం వరుస మార్చి, అర్థాన్ని తలకిందులు చేయవచ్చని దీనివల్ల తేలింది.

అమెరికా కళాకారుడు జోసెఫ్ కార్నెల్ 1936లో 'ఈస్ట్ ఆఫ్ బోర్నియో' అనే 1931 నాటి హాలీవుడ్ చిత్రం ప్రతిని కత్తిరించి, కథను పక్కకు నెట్టి, నాయిక కనిపించే తునకలను ప్రధానంగా కూర్చి, ఆ నటి పేరు మీదనే 'రోజ్ హోబర్ట్' అనే చిన్న చిత్రం చేశారు. కథ పోయిన తరువాత మిగిలింది ఒక ముఖం, దాని పట్ల ఒక ఆరాధన.

బ్రూస్ కానర్ 1958లో 'ఎ మూవీ' చేశారు. ఒక జలాంతర్గామి అధికారి పెరిస్కోప్‌లోంచి చూస్తాడు. తరువాతి దృశ్యంలో అర్ధనగ్నంగా ఉన్న ఒక యువతి కనిపిస్తుంది. ఈ రెండు ముక్కలకూ ఎలాంటి సంబంధమూ లేదు. సంబంధం కల్పించింది మన కన్నే. సినిమా కూర్పు మనల్ని ఎంత సులభంగా నమ్మిస్తుందో ఆ హాస్యం బయటపెట్టింది.

ఈ ముగ్గురి దృష్టీ ఫిల్ము మీద ఉన్న బొమ్మ పైన. మారిసన్ చేసిన కొత్త పని ఏమిటంటే, ఆయన బొమ్మతోపాటు ఆ బొమ్మను మోస్తున్న పట్టీని కూడా చూశారు. ఫిల్ముకూ ఒక శరీరం ఉంది. దానికి వయసు మీద పడుతుంది, జబ్బు చేస్తుంది, చావు వస్తుంది. ఆ శరీరం గురించి కొంత తెలుసుకోకుండా ఆయన చిత్రాలు అర్థం కావు.

4. నైట్రేట్ ఫిల్ము స్వభావం

1890ల నుంచి 1950ల ప్రారంభం వరకు సినిమా హాళ్లలో ఆడిన 35 మి.మీ. ఫిల్ము ఎక్కువగా సెల్యులోజ్ నైట్రేట్‌తో తయారైనదే. పత్తిని నత్రికామ్లంతో కలిపి చేసే పదార్థం ఇది. పేలుడు పదార్థమైన గన్‌కాటన్‌కు దగ్గరి చుట్టం. ఈ పట్టీ మీద జిలటిన్ పూత, ఆ పూతలో వెండి కణాలు ఉంటాయి. తెర మీద మనం చూసే బొమ్మ ఆ వెండి కణాలదే.

ఈ పదార్థానికి రెండు దోషాలున్నాయి. మొదటిది, ఇది తేలికగా అంటుకుంటుంది. మండడానికి కావలసిన ఆక్సిజన్ దానిలోనే ఉంటుంది కనుక నీళ్లలో ముంచినా ఆరదు. రెండవది, నిప్పు తగలకపోయినా అది తనంతట తాను కుళ్లుతుంది. మెల్లగా నైట్రోజన్ వాయువులు విడుదలవుతాయి. అవి గాలిలోని తేమతో కలిసి ఆమ్లంగా మారి జిలటిన్‌నూ వెండినీ తినేస్తాయి. బొమ్మ వెలిసిపోతుంది, పూత జిగటగా మారుతుంది, బుడగలు లేస్తాయి, చుట్టలు ఒకదానికొకటి అతుక్కుపోతాయి, చివరికి గోధుమరంగు పొడి మిగులుతుంది. వేడి, తేమ ఉన్నచోట ఇది త్వరగా జరుగుతుంది. చల్లగా, పొడిగా ఉన్నచోట ఆలస్యంగా జరుగుతుంది.

అయితే పాత సినిమాలు పోవడానికి రసాయనం ఒక్కటే కారణం కాదు. టాకీలు వచ్చాక మూకీలకు వ్యాపార విలువ లేదని నిర్మాణ సంస్థలు వాటిని పారేశాయి. కొన్నింటిని వెండి కోసం కరిగించాయి. నిల్వ ఖర్చు దండగ అనుకున్నాయి. అమెరికాలోని లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ 2013లో ప్రచురించిన అధ్యయనం ప్రకారం, 1912-1929 మధ్య ఆ దేశంలో వచ్చిన 10,919 మూకీ కథాచిత్రాలలో, తొలిసారి విడుదలైన రూపంలో పూర్తిగా మిగిలినవి 1,575 మాత్రమే. అంటే 14 శాతం. సుమారు 70 శాతం చిత్రాలు పూర్తిగా పోయాయి.

ఈ విషయాన్ని మనసులో ఉంచుకోండి: ఫిల్ము కుళ్లడం ప్రకృతి ధర్మం. కానీ ఏ ఫిల్మును కుళ్లనివ్వాలి, దేనిని కాపాడాలి అన్నది మనుషుల నిర్ణయం. మన విమర్శకు ఈ తేడాయే ఆధారం.

మీ ప్రగతిని సరిచూసుకోండి - 1
(అ) ఎస్ఫిర్ షుబ్ పద్ధతికీ బ్రూస్ కానర్ పద్ధతికీ ఉన్న తేడా ఏమిటి?
(ఆ) పాత మూకీలు నశించడానికి రసాయన కారణం ఒకటి, మానవ కారణం ఒకటి చెప్పండి.

5. 'డికేజియా': శిథిలత ఒక నర్తనం

'డికేజియా' పేరులోనే క్షయం అనే అర్థమిచ్చే ఇంగ్లీషు మాట 'డికే', సంగీత రూపమైన 'ఫాంటేజియా' కలిసి ఉన్నాయి. మైఖేల్ గార్డన్ రాసిన వాద్యబృంద సంగీతంతో కలిపి దీనిని 2001లో స్విట్జర్లాండ్‌లోని బాసెల్ నగరంలో ప్రదర్శించారు. 2002లో సినిమాగా విడుదలైంది. నిడివి గంటకు కొంచెం ఎక్కువ. మాటలు లేవు, కథ లేదు, పాత్రలు లేవు. 2013లో అమెరికా జాతీయ చలనచిత్ర పట్టికలో దీనికి చోటు దక్కింది.

చిత్రం తిరుగుతున్న ఒక దర్వేషుతో మొదలవుతుంది. తరువాత ప్రయోగశాలలో తొట్ల మీద తిరుగుతున్న ఫిల్ము చుట్టలు కనిపిస్తాయి. తిరగడం అనే ఒక్క కదలికతో సూఫీ సాధకుడికీ సినిమా రీలుకూ మారిసన్ ముడివేశారు. ఆ తరువాత వచ్చేవన్నీ శిథిలమైన ఫిల్ము ముక్కలే. ఒంటెల వరుస దిగంతంలో మెల్లగా సాగుతుంది. సన్యాసినుల ముందు నుంచి పిల్లలు నడిచి వెళతారు. ఈ బొమ్మల మీద మరకలు పొంగుతాయి, చీలుతాయి, నిప్పులా ఎగసి క్షణంలో మాయమవుతాయి.

అన్నిటికంటే ప్రసిద్ధమైనది బాక్సరు దృశ్యం. సాధన సంచీని గుద్దుతున్న ఒక బాక్సరును ఎవరో ఎప్పుడో తీశారు. ఇప్పుడు ఆ ఫిల్ములో సంచీ ఉన్న భాగం కుళ్లిపోయింది. ఆ స్థానంలో సుడులు తిరిగే ఒక మరకల స్తంభం ఉంది. బాక్సరు దానిమీద పడి గుద్దుతూనే ఉంటాడు. తీసిననాడు అది వ్యాయామం. ఈనాడు అది మనిషి తన నాశనంతో చేస్తున్న పోరాటం. ఈ అర్థాన్ని మొదట తీసినవాడు ఊహించలేదు. కాలం కల్పించింది, మారిసన్ గుర్తించారు. ఈ చిత్రంలో దర్శకత్వమంటే ఈ గుర్తింపే.

గార్డన్ సంగీతం కూడా ఇదే పని చేస్తుంది. కొన్ని వాద్యాల శ్రుతిని కావాలనే కొద్దిగా తప్పించారు. శ్రుతి కలవీ కలవకా వినిపించే ఆ నాదం వెలిసిన బొమ్మకు సరిగ్గా సరిపోతుంది.

6. ఒక అభ్యంతరం

'డికేజియా'ను మెచ్చుకోవడం తేలిక. మెచ్చుకున్న తరువాత కూడా కొన్ని ప్రశ్నలు మిగులుతాయి. ఆ ఒంటెలు ఏ దేశంలోవి? వాటిని తీసినవారు ఎవరు? ఏ ప్రయోజనం కోసం తీశారు? ఆ పిల్లలు ఎవరు, ఆ ఆశ్రమంలోకి ఎలా వచ్చారు? చిత్రం నడుస్తున్నంతసేపూ ఎవరూ ఏమీ చెప్పరు. దర్వేషు, బాక్సరు, సన్యాసిని, పసిపిల్ల అందరూ ఒకే మరక కింద ఒకే రకంగా కరిగిపోతారు.

దీన్ని సమర్థించేవారు, 'చిత్రం చెప్పదలచుకున్నదే అది కదా, కాలం ముందు అందరూ సమానమే' అంటారు. ఈ వాదనలో బలం ఉంది. మన వైరాగ్య సాహిత్యం చదివినవారికి అది కొత్త కూడా కాదు. కానీ అది సగం నిజం. కాలం అందరినీ సమానంగా మింగలేదని ఇందాక చూశాం. ఏ రీలు ఎక్కడ ఉంది, దాన్ని ఎవరు చల్లటి గదిలో పెట్టారు, ఎవరు పారేశారు అన్నదాన్నిబట్టి కొన్ని మిగిలాయి, కొన్ని పోయాయి. మనుషులు చేసిన పనిని కాలం ఖాతాలో వేస్తే బాధ్యత ఎవరికీ ఉండదు. అందమైన మరక అలా బాధ్యతను కప్పిపెట్టే ప్రమాదం ఉంది.

తెలుగు విద్యార్థులకు అర్థమయ్యే పోలిక ఒకటి చెబుతాను. తాళపత్ర ప్రతిని పరిష్కరించే పండితుడు పురుగు తిన్న చోట తన సొంత కవిత్వం చేర్చడు. 'ఇక్కడ గ్రంథపాతం' అని గుర్తు పెడతాడు. అంతటితో ఆగడు. పీఠికలో ఆ ప్రతి ఏ ఊళ్లో దొరికింది, ఎవరింట్లో ఉండేది, ఏ స్థితిలో ఉంది అని రాస్తాడు. గ్రంథపాతం పోయినదాన్ని చూపుతుంది. పీఠిక అది ఎలా పోయిందో, మిగిలినది ఎలా మిగిలిందో చెబుతుంది. 'డికేజియా'లో గ్రంథపాతం అద్భుతంగా కనిపిస్తుంది. పీఠిక లేదు.

7. 'డాసన్ సిటీ: ఫ్రోజెన్ టైమ్': పీఠికే గ్రంథమైతే

2016లో వెనిస్ చిత్రోత్సవంలో ప్రదర్శించిన 'డాసన్ సిటీ: ఫ్రోజెన్ టైమ్' ఆ లోటును తీర్చింది. రెండు గంటల ఈ చిత్రం మొత్తం ఒక పీఠిక లాంటిది. కొన్ని ఫిల్ము రీళ్లు ఎక్కడ పుట్టి, ఎందుకు పాతిపెట్టబడి, ఎలా బయటపడ్డాయో చెప్పడమే దాని కథ.

ముందుగా ఆ కథ తెలుసుకోండి. ఉత్తర కెనడాలోని యూకాన్ ప్రాంతంలో క్లాండైక్ నది యూకాన్ నదిలో కలిసే చోట డాసన్ పట్టణం ఉంది. 1896లో అక్కడికి దగ్గరలోని ఒక వాగులో బంగారం దొరికింది. జనం వెల్లువెత్తారు. 1898 నాటికి పట్టణ జనాభా సుమారు 30,000 అయింది. 1899లో అలాస్కాలోని నోమ్‌లో బంగారం ఉందన్న వార్త రాగానే వేలమంది అటు పరుగెత్తారు. మిగిలినవారికి దీర్ఘమైన చలికాలంలో సినిమాయే కాలక్షేపం.

రీళ్ల పంపిణీ మార్గంలో డాసన్ చిట్టచివరి మజిలీ. ఒక సినిమా ఊరూరా ఆడి అక్కడికి చేరేసరికి రెండు మూడేళ్లు పట్టేది. అంతదూరం నుంచి వెనక్కి రప్పించుకోవడానికి అయ్యే రవాణా ఖర్చు పంపిణీదారులకు గిట్టుబాటు కాదు. అందువల్ల రీళ్లు అక్కడే పోగుపడ్డాయి. చాలాకాలం పట్టణ గ్రంథాలయం నేలమాళిగలో ఉంచారు. చోటు చాలక కొన్నింటిని నదిలో పారేశారు. 1929లో స్థానిక బ్యాంకులో పనిచేస్తూ హాకీ సంఘం లెక్కలు చూసే వ్యక్తికి ఒక ఉపాయం తట్టింది. అక్కడి వ్యాయామశాలలోని ఈతకొలను మీద చలికాలంలో మంచు పేర్చి ఐస్ హాకీ ఆడేవారు. కింద కొలను ఉండడంతో మంచు సమంగా నిలిచేది కాదు. కొలను పూడ్చాలి, రీళ్లు వదిలించుకోవాలి. రెండు సమస్యలకూ ఒకే పరిష్కారం దొరికింది. రీళ్లను కొలనులో పడేసి, పైన చెక్కలు పరచి మట్టి కప్పారు.

1978లో అదే స్థలంలో కొత్త భవనం కోసం తవ్వుతుంటే రీళ్లు బయటపడ్డాయి. గడ్డకట్టిన ఆ నేలే వాటికి శీతల గిడ్డంగి అయింది. మొత్తం 533 రీళ్లను కాపాడగలిగారు. నైట్రేట్ అనగానే రవాణా సంస్థలు వెనకాడడంతో సైనిక విమానంలో ఒటావాకు పంపవలసి వచ్చింది. తరువాత వాటిని కెనడా జాతీయ ఆర్కైవు, అమెరికాలోని లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్ పంచుకుని భద్రపరిచాయి. విలువ లేదని పాతిపెట్టినవే మిగిలాయి. సొంతదారుల దగ్గర ఉన్న ప్రతులు చాలావరకు నశించాయి.

మారిసన్ ఈ కథను చెప్పిన తీరు గమనించండి. వ్యాఖ్యాత గొంతు దాదాపు వినిపించదు. తెర మీద చిన్న అక్షరాలలో సంవత్సరం, పేరు, జరిగిన సంగతి వస్తాయి. నేపథ్యంలో అలెక్స్ సోమర్స్ సంగీతం నెమ్మదిగా సాగుతుంది. మనం ఒక మూకీ సినిమా చదువుతున్నట్లే చరిత్రను చదువుతాం. దృశ్యాల అంచులలో నీటి తడి వల్ల తెల్లటి మచ్చలు కదలాడుతుంటాయి. ఆర్కైవు ఉద్యోగులు దానిని 'డాసన్ ఫ్లటర్' అంటారు. 'డికేజియా'లో మరక ఎక్కడి నుంచి వచ్చిందో మనకు తెలియదు. ఇక్కడ ప్రతి మరకకూ చిరునామా ఉంది. అది ఫలానా కొలనులో, ఫలానా మట్టి కింద పడిన మచ్చ.

ఒక రీలు ఉదాహరణ చాలు. 1919 నాటి అమెరికా బేస్‌బాల్ 'వరల్డ్ సిరీస్'లో షికాగో వైట్ సాక్స్ జట్టు సిన్సినాటి జట్టు చేతిలో ఓడిపోయింది. డబ్బు తీసుకుని ఓడారన్న ఆరోపణపై ఎనిమిది మంది ఆటగాళ్లను జీవితాంతం ఆట నుంచి బహిష్కరించారు. ఆ పోటీ దృశ్యాలున్న వార్తా రీలు డాసన్ కొలనులో దొరికింది. వేలాది మైళ్ల దూరంలో, గడ్డకట్టిన నేల కింద, అమెరికాలో అందరూ మాట్లాడుకునే ఒక మోసానికి కంటి సాక్ష్యం అర్ధశతాబ్దం పడి ఉంది. అంచులు తెల్లబారిన ఆ దృశ్యంలో ఆటగాళ్లు కొద్ది క్షణాలే కనిపిస్తారు. వాళ్లెవరో మనకు తెలుసు గనుక ఆ కొద్ది క్షణాలూ మన గుండెల మీద బరువుగా నిలుస్తాయి. 'డికేజియా' బాక్సరు మనిషికి ప్రతీక. ఈ ఆటగాళ్లు ప్రతీకలు కారు, పేర్లున్న మనుషులు. ఈ తేడాయే నా వాదనకు ప్రాణం.

మరో సంఘటన కూడా చెప్పుకోవాలి. బంగారు వేట రోజులను ఇ. ఎ. హెగ్ అనే ఫొటోగ్రాఫరు గాజు పలకల మీద చిత్రించాడు. వాటిలో కొన్ని తరువాతికాలంలో ఒక కొయ్య ఇంటి గోడలలో దొరికాయి. దొరికినవారు వాటిని కడిగి మొక్కల కోసం గాజు గది కట్టుకుందామనుకున్నారు. విషయం తెలిసిన మరొకరు వారించడంతో అవి బతికాయి. కొలను పూడ్చిన బ్యాంకు ఉద్యోగి గానీ, గాజు గది కట్టుకోవాలనుకున్నవారు గానీ దుర్మార్గులు కారు. వారికి ఒక అవసరం ఉంది, చేతికి ఒక వస్తువు దొరికింది. చరిత్ర ఎక్కువగా ఇలాంటి మంచివాళ్ల చేతుల్లోనే పోతుంది అన్నది ఈ చిత్రం నేర్పే పాఠాలలో ఒకటి.

8. 'డాసన్ సిటీ' పరిమితులు

గొప్ప చిత్రమన్నంత మాత్రాన లోపాలు ఉండవని కాదు. రెండింటిని ప్రస్తావిస్తాను.

మొదటిది: డాసన్‌లో జూదం ఆడేవారు అని అక్షరాలు వస్తే, మారిసన్ కొలనులో దొరికిన ఏదో ఒక కథాచిత్రంలోని జూదపు సన్నివేశం చూపుతారు. అది డాసన్‌లో జరిగినది కాదు, ఏ స్టూడియోలోనో నటించినది. ఇది చరిత్రను కల్పనతో కలిపేయడం కాదా? ఈ ప్రశ్న న్యాయమైనదే. అయితే ఆ తునక ఏ సినిమాలోది, ఏ సంవత్సరానిది అన్న వివరం ఆయన తెర మీదే వేస్తారు. పైగా డాసన్ ప్రజలు నిజంగా చూసిన సినిమాలు అవి. వారు బతికిన బతుకు, వారు తెర మీద చూసిన బతుకు పక్కపక్కనే కనిపిస్తాయి. వివరం చెప్పి వాడుకున్నారు గనుక ఇది మోసం కాదు. అయినా చూసేవారు మెలకువగా ఉండవలసిందే.

రెండవది మరింత బరువైనది. బంగారం వేటగాళ్లు రాకముందు ఆ నదుల కలయిక దగ్గర ట్రోండెక్ హ్వెచిన్ అనే మూలవాసులు చేపలు పట్టుకుని, వేటాడి జీవించేవారు. జనప్రవాహం వచ్చి పడ్డాక వారు తమ నాయకుడు చీఫ్ ఐజాక్ ఆధ్వర్యంలో మూస్‌హైడ్ అనే చోటికి తరలిపోయారు. మారిసన్ ఈ సంగతి విస్మరించలేదు. కానీ రెండు గంటల కథనంలో దీనికి దక్కిన చోటు తక్కువ. కారణం కూడా తెలుసుకోదగినదే. కొలనులో దొరికినవి ఎక్కువగా బయటి ప్రపంచం డాసన్‌కు పంపిన సినిమాలు. ఎవరి చేతిలో కెమెరా లేదో వారు ఆ రీళ్లలో లేరు. దొరికిన ఫిల్ముతో చరిత్ర రాసే పద్ధతికి ఇది సహజమైన హద్దు. దొరికినది చూపగలదు. అసలు చిత్రించనే చిత్రించని జీవితాన్ని చూపలేదు.

9. తరువాతి దారి

మారిసన్ 2023లో తీసిన 'ఇన్సిడెంట్' అరగంట చిత్రం. 2018లో షికాగోలో పోలీసు కాల్పులలో ఒక నల్లజాతి క్షురకుడు మరణించిన సంఘటన దాని విషయం. అందులోని దృశ్యాలన్నీ వీధిలోని నిఘా కెమెరాలు, పోలీసుల దుస్తులకు అమర్చిన కెమెరాలు చిత్రించినవి. తెరను భాగాలు చేసి ఒకే క్షణాన్ని పలు కోణాల నుంచి చూపుతారు. కాల్పుల తరువాత పోలీసులు తమలో తాము మాట్లాడుకుంటూ జరిగినదానికి ఒక కథనం అల్లుకోవడం మనం వింటాం. ఈ చిత్రం ఆస్కార్ నామినేషన్ పొందింది.

ఇక్కడ నైట్రేట్ లేదు, మరక లేదు, పాతదనపు అందం లేదు. అయినా ఇది మారిసన్ పద్ధతే. ఈ ఫిల్ము ఎవరిది, ఎవరు దాచారు, ఎలా బయటికి వచ్చింది అన్న ప్రశ్న ఇక్కడ న్యాయానికి సంబంధించిన ప్రశ్న అవుతుంది. 'డికేజియా'తో మొదలుపెట్టి 'ఇన్సిడెంట్' దాకా వస్తే ఆయన ప్రయాణం స్పష్టమవుతుంది: శిథిలతను చూసి ముగ్ధులవడం నుంచి, సాక్ష్యాన్ని నిలబెట్టడం దాకా.

10. మన సందర్భం

ఇది ఎక్కడో ఉత్తర ధ్రువానికి దగ్గరలో జరిగిన కథ అనుకోవద్దు. హెచ్. ఎం. రెడ్డి దర్శకత్వంలో 1932లో వచ్చిన తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' ప్రతి నేడు లభ్యం కాదు. దాని గురించి మనకు తెలిసినది నాటి పత్రికల ప్రకటనలు, జ్ఞాపకాలు, పరిశోధకుల శ్రమ ద్వారానే. మన నేలలో వేడి, తేమ ఎక్కువ. గడ్డకట్టిన కొలను మనకు లేదు. అందువల్ల మనకు మిగిలేవి ఎక్కువగా కాగితాలే: పాటల పుస్తకాలు, కరపత్రాలు, గోడ ప్రకటనలు, ఉత్తరాలు.

మీ ఇంట్లోనో, మీ ఊళ్లో మూతపడిన సినిమా హాలులోనో అలాంటివి కనిపిస్తే, పాత పెళ్లి వీడియో క్యాసెట్ అయినా సరే, పారేయకముందు నాలుగు ప్రశ్నలు వేసుకోండి. ఇది ఎవరిది? ఎప్పటిది? ఇందులో ఉన్నవారెవరు? మన దాకా ఎలా వచ్చింది? జవాబులను ఒక కాగితం మీద రాసి దానితోపాటు ఉంచండి. ఆ కాగితమే పీఠిక. అది లేకపోతే రేపు చూసేవారికి మిగిలేది అందమైన మరక మాత్రమే.

11. సారాంశం

ఇతరులు తీసిన ఫిల్ముతో కొత్త అర్థం సృష్టించవచ్చని షుబ్, కార్నెల్, కానర్ నిరూపించారు. బిల్ మారిసన్ బొమ్మతోపాటు దాన్ని మోసే ఫిల్ము శరీరాన్ని కూడా విషయంగా తీసుకున్నారు. 'డికేజియా' శిథిలతలో ఊహించని అర్థాన్ని గుర్తించిన గొప్ప ప్రయోగం. కానీ అందులోని మనుషులకు ఊరూ పేరూ లేవు. 'డాసన్ సిటీ' రీళ్ల ప్రయాణాన్నే కథగా చెప్పి, మరకకు కారణాన్నీ మనిషికి పేరునూ తిరిగి ఇచ్చింది. అయితే కెమెరాకు చిక్కని జీవితాల ముందు ఈ పద్ధతి కూడా ఆగిపోతుంది. ఫిల్ము కుళ్లడం రసాయన ధర్మం. దాన్ని కుళ్లనివ్వడం మనుషుల నిర్ణయం.

12. నమూనా ప్రశ్నలు

I. కింది ప్రశ్నలకు 30 పంక్తులలో సమాధానాలు రాయండి.
1. 'డికేజియా', 'డాసన్ సిటీ' చిత్రాలలో శిథిలమైన ఫిల్మును ఉపయోగించిన తీరును పోల్చండి.
2. 'పాత ఫిల్ము అందంగా ఉండడం వేరు, సాక్ష్యం చెప్పడం వేరు.' ఈ అభిప్రాయాన్ని సమర్థిస్తూ గానీ ఖండిస్తూ గానీ చర్చించండి.

II. కింది ప్రశ్నలకు 10 పంక్తులలో సమాధానాలు రాయండి.
1. డాసన్‌లో రీళ్లు పోగుపడడానికీ, మిగలడానికీ కారణాలు వివరించండి.
2. కథాచిత్రాల తునకలతో నిజ చరిత్రను చెప్పడంలో ఉన్న చిక్కు ఏమిటి? మారిసన్ దాన్ని ఎలా ఎదుర్కొన్నారు?
3. దొరికిన ఫిల్ముతో చరిత్ర రాసే పద్ధతికి ఉన్న హద్దు ఏమిటి?

III. అభ్యాసం
మీ కుటుంబంలో ఉన్న ఒక పాత ఫొటో తీసుకోండి. దానికి ఒక పేజీ పీఠిక రాయండి. ఇంట్లో పెద్దవాళ్లను అడిగి తెలుసుకున్నదేదో, మీరు ఊహించినదేదో విడివిడిగా చూపండి.